ఫైర్‌వాల్‌ను మోసే సర్వర్ గోడకు ఏ వైపున ఉంది?

గౌరవనీయులైన సంపాదకులకు,

నమస్కారం. చిన్న కళాశాలలు, ఆసుపత్రులు, సహకార సంఘాలు నెట్‌వర్క్‌లోకి వచ్చిపోయే సమాచారాన్ని వడపోసే ఫైర్‌వాల్ పెట్టెను ప్రత్యేకంగా కొనకుండానే, ఉన్న సర్వర్‌లో లినక్స్ వేసి దాని మీదే వర్చువల్ ఫైర్‌వాల్‌ను నడుపుకోవచ్చని మీ సాంకేతిక పేజీలో ఇటీవల వచ్చిన వ్యాసం చదివాను. పశ్చిమ గోదావరి జిల్లాలోని ఒక డిగ్రీ కళాశాలలో కంప్యూటర్ విభాగం బాధ్యతలు చూస్తున్న నేను మూడేళ్లుగా సరిగ్గా అటువంటి ఏర్పాటునే నడుపుతున్నాను కనుక, ఆ వ్యాసం ఉద్దేశాన్ని మనసారా సమర్థిస్తున్నాను. అయితే ఫైర్‌వాల్ వీఎం (సర్వర్ లోపల సాఫ్ట్‌వేర్‌తో నడిచే కంప్యూటర్, అంటే వర్చువల్ మెషీన్) మొదలైన వెంటనే సంస్థలోని యంత్రాలన్నీ దాని రక్షణలోకి వచ్చేస్తాయని అందులో రాసిన మాట మాత్రం సరికాదు. ఒక యంత్రం రాదు. ఆ ఫైర్‌వాల్‌ను తన లోపల పెట్టుకొని నడిపిస్తున్న సర్వరే ఆ యంత్రం. దాన్ని మనం పనిగట్టుకొని గోడ లోపలికి తెచ్చి నిలబెట్టాలి. ఈ ఒక్క సంగతి తెలియక మా కళాశాల నాలుగు నెలలపాటు ప్రమాదపు అంచున నిలబడింది కాబట్టే ఇంత వివరంగా ఈ లేఖ రాస్తున్నాను.

పాఠకుల సౌలభ్యం కోసం విషయం మొదటి నుంచి చెబుతాను. ఒక కంప్యూటర్ లోపల వేరే కంప్యూటర్లను నడిపించే కేవీఎం అనే భాగం లినక్స్ కెర్నెల్‌లోకి (దాని మూల భాగంలోకి) 2007 ఫిబ్రవరిలో, 2.6.20 వెర్షన్‌తో వచ్చి చేరింది. ప్రాసెసర్‌లో ఇందుకు తోడ్పడే ఇంటెల్ వారి వీటీ-ఎక్స్ గాని, ఏఎండీ వారి ఎస్‌వీఎం గాని ఉండి, బయోస్‌లో (యంత్రం మొదలయ్యేటప్పటి సెట్టింగులలో) దాన్ని ఆన్ చేసి ఉంటే, ఏ లినక్స్ యంత్రమైనా తనలో వేరే కంప్యూటర్లను నడిపే హైపర్‌వైజర్ కాగలదు. డిస్కు, నెట్‌వర్క్ కార్డు వంటి పరికరాలను ఆ లోపలి కంప్యూటర్‌కు ఉన్నట్టుగా చూపించే పని క్యూఎము అనే ప్రోగ్రాం చేస్తుంది. లోపల నడిచే ఫైర్‌వాల్‌గా మేము పీఎఫ్‌సెన్స్ అనే సాఫ్ట్‌వేర్‌ను ఎంచుకున్నాం. దాని నుంచే 2014లో విడిపోయి, 2015 జనవరిలో మొదటి విడుదల తెచ్చుకున్న ఓపీఎన్‌సెన్స్ కూడా ఇందుకు తగినదే. రెండూ ఫ్రీబీఎస్‌డీ అనే ఆపరేటింగ్ సిస్టమ్ మీద నడిచేవే. రెండింటిలోనూ ప్యాకెట్లను (నెట్‌వర్క్‌లో ప్రయాణించే సమాచారపు ముక్కలను) వడపోసే పీఎఫ్ అనే భాగం ఓపెన్‌బీఎస్‌డీ అనే మరో సిస్టమ్ వారు 2001లో తయారు చేసినది. పేరున్న ఫైర్‌వాల్ కంపెనీలు కూడా తమ సరుకును కేవీఎం మీద నడిచే డిస్క్ ఇమేజ్ రూపంలో అమ్ముతున్నాయి. 2023 నవంబరులో ఇదే తరహా సాఫ్ట్‌వేర్ అమ్మే వీఎంవేర్ సంస్థ బ్రాడ్‌కామ్ చేతికి వెళ్లి, ఆ వెంటనే శాశ్వత లైసెన్సుల అమ్మకం ఆగిపోయాక, కేవీఎం వైపు, దాని ఆధారంగా పనిచేసే ప్రాక్స్‌మాక్స్ అనే సర్వర్ సాఫ్ట్‌వేర్ వైపు మళ్లే వారిని నా పరిచయస్తులలోనే పలువురిని చూశాను. ఇటువంటి సమయంలో మీ వ్యాసం చదివి పని మొదలుపెట్టే వారు చాలామందే ఉంటారు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. సర్వర్‌కు రెండు నెట్‌వర్క్ కార్డులు ఉన్నాయనుకుందాం. ఒకదానికి ఇంటర్నెట్ లైను, రెండోదానికి కళాశాల స్విచ్ తగిలిస్తాం. లినక్స్‌లో ఒక్కో కార్డుకు ఒక్కో బ్రిడ్జి కడతాం. బ్రిడ్జి అంటే సర్వర్ లోపల సాఫ్ట్‌వేర్‌తో చేసిన స్విచ్ అనుకుంటే చాలు. ఫైర్‌వాల్ వీఎంకు ఒక కాలు ఇంటర్నెట్ బ్రిడ్జిలోను, రెండో కాలు కళాశాల బ్రిడ్జిలోను పెడతాం. బయటి నుంచి వచ్చిన ప్రతి ప్యాకెట్ వీఎం గుండానే లోపలికి పోవాలన్నది మన ఉద్దేశం. కానీ ఆ ఇంటర్నెట్ బ్రిడ్జికి వీఎం ఒక్కటే తగిలి లేదు, దాన్ని కట్టిన లినక్స్ కూడా దానికి తగిలే ఉంది. సర్వర్‌లో ఆ బ్రిడ్జికి ఒక ఐపీ చిరునామా ఇచ్చామంటే, ఆ చిరునామాకు వచ్చే ప్యాకెట్‌ను బ్రిడ్జి నేరుగా సర్వర్‌కే అందిస్తుంది. ఫైర్‌వాల్ వీఎంకు అటువంటి ప్యాకెట్ ఒకటి వచ్చి వెళ్లిన సంగతి కూడా తెలియదు. మా డెల్టా వారికి అర్థమయ్యేలా చెప్పాలంటే, లాకు తలుపులు ఎంత గట్టివైనా పక్కన గట్టుకు గండి ఉంటే నీళ్లు అటే పోతాయి.

మా కళాశాలలో జరిగింది అక్షరాలా ఇదే. మాకు లీజ్డ్ లైనుతో పాటు, ఇంటర్నెట్‌లో ఎక్కడి నుంచైనా అందే ఐదు పబ్లిక్ చిరునామాలు ఇచ్చారు. ఏర్పాటు పని తీసుకున్న కాంట్రాక్టరు వాటిలో ఒకదాన్ని ఫైర్‌వాల్‌కు ఇచ్చి, ఏదైనా ఇబ్బంది వస్తే తన ఊరి నుంచే చూసుకోవచ్చన్న ఆలోచనతో మరొకదాన్ని నేరుగా సర్వర్‌కే ఇచ్చారు. అప్పగింత రోజున నాకు ఫైర్‌వాల్ తెర చూపించారు. అందులో బయటి నుంచి వచ్చిన ప్రయత్నాలన్నీ ఎర్ర గుర్తుతో ఆగిపోయి కనిపించాయి. ఆ తెర చూసి నేను తృప్తిపడి సంతకం పెట్టాను. తర్వాత నాలుగు నెలలు ప్రతి సోమవారం అదే తెర చూశాను, ప్రతిసారీ అంతా సవ్యంగానే ఉంది. ఒకరోజు డిస్కు నిండిందన్న హెచ్చరిక రావడంతో, ఏ లాగ్ (జరిగినవన్నీ నమోదయ్యే ఫైలు) పెరిగిందో వెతుకుతూ సర్వర్ తాలూకు లాగ్ తెరిచాను. రూట్ (సర్వర్ మీద పూర్తి అధికారం ఉన్న ఖాతా) పేరుతో తప్పు పాస్‌వర్డ్ కొట్టిన వరుసలు, రెండు మూడు సెకన్లకు ఒకటి చొప్పున, తెర పైనుంచి కింది వరకు అవే. వెనక్కి వెళ్లిన కొద్దీ అవే, రాత్రి, పగలు, ఆదివారం, సంక్రాంతి సెలవులు, అన్ని రోజులూ ఒక్క తీరుగానే ఉన్నాయి. వచ్చిన చిరునామాలు పదులలో కాదు, వందలలో ఉన్నాయి. విద్యార్థుల మార్కులు, ఉద్యోగుల జీతాల వివరాలు ఉన్న వీఎంలన్నీ ఆ సర్వర్ మీదే ఉన్నాయి. ఆ సర్వర్ రూట్ పాస్‌వర్డ్ దొరికిన వారికి ఫైర్‌వాల్‌ను దాటవలసిన పనే ఉండదు. ఫైర్‌వాల్ డిస్కును ఫైలులాగా కాపీ చేసుకొని పోవచ్చు, దాన్ని ఆపేయవచ్చు, దాని స్థానంలో వేరొకటి పెట్టవచ్చు. పాస్‌వర్డ్ పొడవుగా ఉండడం వల్ల ఎవరూ లోపలికి రాలేదని లాగ్‌లన్నీ చూసి నిర్ధారించుకున్నాను గాని, ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఫైర్‌వాల్ తెర నాలుగు నెలలూ ప్రశాంతంగా కనిపించడానికి కారణం, తన గుండా పోని ప్యాకెట్ల గురించి అది ఏమీ చెప్పలేకపోవడమే. అందుకే ఈ ఏర్పాటును పరీక్షించవలసింది ఫైర్‌వాల్ లోపల నుంచి కాదు. సర్వర్ దగ్గర కూర్చొని, 'ఐపీ అడ్రస్' ఆదేశం ఇచ్చి, ఇంటర్నెట్ బ్రిడ్జి పేరు కింద ఏదైనా చిరునామా ఉందేమో చూడాలి. ఆ తర్వాత కళాశాల లైనుతో సంబంధం లేకుండా, ఫోన్‌లోని మొబైల్ డేటాతో ల్యాప్‌టాప్‌ను కలిపి, మనకు కేటాయించిన చిరునామాలన్నిటి మీద ఎన్‌మ్యాప్ అనే పరీక్షా ప్రోగ్రాం నడిపి, ఏయే పోర్టులు (ఒక్కో సేవకు దారి ఇచ్చే, సంఖ్యలు వేసిన తలుపులు) తెరిచి ఉన్నాయో రాసుకోవాలి. మా సర్వర్ చిరునామా మీద ఆ రోజు మూడు కనిపించాయి. దూరం నుంచి లాగిన్ అయ్యే ఎస్ఎస్‌హెచ్ తాలూకు 22, ప్రాక్స్‌మాక్స్ నిర్వహణ పేజీ తాలూకు 8006, ఎవరూ అడగకపోయినా నడుస్తున్న ఆర్‌పీసీబైండ్ అనే సేవ తాలూకు 111. ఈ పరీక్షకు పట్టిన సమయం అరగంట. అప్పగింత రోజే చేసి ఉంటే నాలుగు నెలల ముందే విషయం బయటపడేది.

సరిదిద్దడానికి మేము చేసిన పని కూడా చెబుతాను. ఇంటర్నెట్ బ్రిడ్జికి సర్వర్‌లో చిరునామాయే లేకుండా చేశాం. బ్రిడ్జి ప్యాకెట్లను అటూ ఇటూ అందించడానికి దానికి సొంత చిరునామా ఉండనక్కరలేదు. సర్వర్ నిర్వహణ కోసం మూడో కార్డు పెట్టి, దాన్ని ఫైర్‌వాల్ వెనుక, విభాగంలోని రెండు కంప్యూటర్లకు మాత్రమే అందే ప్రత్యేక వీల్యాన్‌లో (అవే తీగల మీద విడదీసిన వేరు నెట్‌వర్క్‌లో) ఉంచాం. ఇంటి నుంచి చూడవలసి వస్తే ముందు వైర్‌గార్డ్ వీపీఎన్ (గుప్తీకరించిన ప్రత్యేక దారి) ద్వారా ఫైర్‌వాల్‌ను దాటి లోపలికి రావాలి. దీనివల్ల ఒక ఇబ్బంది ఉన్న మాట నిజమే. ఫైర్‌వాల్ వీఎం ఆగిపోతే వీపీఎన్ కూడా ఆగిపోతుంది, అప్పుడు ఎవరో ఒకరు కళాశాలకు వెళ్లి సర్వర్ ముందు కూర్చోక తప్పదు. దూరం నుంచి సరిచేసే సౌకర్యం కోసమే కదా ఆ కాంట్రాక్టరు చిరునామా ఇచ్చింది అని కొందరు సహోద్యోగులు వాదించారు. ఏడాదికి ఒకటి రెండుసార్లు రెండు కిలోమీటర్లు బండి మీద వెళ్లడం, ఏడాది పొడవునా సర్వర్ తలుపు వీధిలోకి తెరిచి ఉంచడం, ఈ రెండింటిలో నేను మొదటిదే ఒప్పుకుంటాను.

ఇంత చేశాక కూడా మరో గండి మిగిలింది. కొన్ని నెలల తర్వాత అదే 'ఐపీ అడ్రస్' ఆదేశం ఇస్తే, ఇంటర్నెట్ బ్రిడ్జి కింద పొడవాటి ఐపీవీ6 (కొత్త తరం ఐపీ పద్ధతి) చిరునామా ఒకటి కనిపించింది. దాన్ని ఎవరూ ఇవ్వలేదు. లైను ఇచ్చిన సంస్థ తన రౌటర్‌లో ఐపీవీ6 ప్రారంభించడంతో, ఆ రౌటర్ ప్రకటనలను విన్న లినక్స్ తనంతట తానే చిరునామా తయారు చేసుకుంది. సర్వర్‌లో మేము రాసుకున్న నియమాలన్నీ పాత పద్ధతి అయిన ఐపీవీ4కు చెందినవి. ఆ బ్రిడ్జి మీద ఐపీవీ6ను పూర్తిగా నిలిపివేయడం ఒక్క వరుస సెట్టింగుతో అయ్యే పనే, కానీ ముందు దాని గురించి తెలిసి ఉండాలి. మన దేశంలో ఐపీవీ6 వాడకం ఇంత విస్తృతంగా ఉన్న రోజుల్లో ఇది ఎక్కడో అరుదుగా జరిగే సంగతి అనుకోవడానికి వీలు లేదు.

ఇంటర్నెట్ కార్డును బ్రిడ్జికి కట్టకుండా, వీఎఫ్ఐఓ అనే లినక్స్ సౌకర్యం ద్వారా మొత్తంగా ఫైర్‌వాల్ వీఎంకే అప్పగించే పద్ధతి ఇంకొకటి ఉంది. అప్పుడు సర్వర్‌లోని లినక్స్‌కు ఆ కార్డే కనబడదు కనుక పైన చెప్పిన చిక్కులు రెండూ ఉండవు. వీలున్న చోట నేను దీన్నే సూచిస్తాను. అయితే ఇందుకు ప్రాసెసర్, మదర్‌బోర్డు రెండింటిలోనూ ఇంటెల్ వారి వీటీ-డీ గాని, ఏఎండీ వారి ఐఓఎంఎంయూ గాని ఉండాలి, బయోస్‌లో దాన్ని ఆన్ చేయాలి. పాత బోర్డులలో ఒక కార్డు ఒంటరిగా రాకుండా, డిస్కు కంట్రోలర్‌తో కలిసి ఒకే గుంపులో ఉండడం కద్దు. మాది అటువంటి బోర్డే కావడంతో బ్రిడ్జితో సరిపెట్టుకున్నాం.

మొదటి రోజున మమ్మల్ని బాగా ఇబ్బంది పెట్టిన మరో విషయం పాఠకులకు పనికి వస్తుంది. ఫైర్‌వాల్ నడుస్తోంది, వీఎంలలో నుంచి పింగ్ ఇస్తే జవాబు వస్తోంది, కానీ ఏ వెబ్ పేజీ అడిగినా తెల్ల తెర తప్ప ఏమీ లేదు. లైను పాడైందని సాయంత్రం దాకా అనుకున్నాం. అసలు కారణం చెక్‌సమ్. ప్రతి ప్యాకెట్‌లో దాని సరితనాన్ని తెలిపే ఒక లెక్క ఉంటుంది. ఆ లెక్క వేసే పనిని ప్రాసెసర్‌కు తప్పించి నెట్‌వర్క్ కార్డుకు వదిలేయడం నేటి పద్ధతి. వర్చువల్ యంత్రాలు వాడే వర్ట్ఐఓ కార్డు కూడా అలాగే వదిలేస్తుంది. ఒకే సర్వర్‌లోని ఒక వీఎం నుంచి మరో వీఎంకు పోయే ప్యాకెట్ నిజమైన కార్డును ఎన్నడూ తాకదు కనుక, ఆ లెక్క ఎవరూ వేయకుండానే ఫైర్‌వాల్ దగ్గరకు చేరుతుంది, దాన్ని దారిలో చెడిన సరుకుగా భావించి పారేయడం జరుగుతుంది. పింగ్ ఈ తరహా లెక్క మీద ఆధారపడదు కనుక అది మాత్రం ఆగకుండా దాటుతుంది. పీఎఫ్‌సెన్స్‌లో సిస్టమ్, అడ్వాన్స్‌డ్, నెట్‌వర్కింగ్ అన్న చోట హార్డ్‌వేర్ చెక్‌సమ్ ఆఫ్‌లోడ్‌ను నిలిపివేసే గడిలో గుర్తు పెట్టి, వీఎంను రీబూట్ చేస్తే పేజీలు తెరుచుకుంటాయి. తయారీదారుల పత్రాలలో ఇది స్పష్టంగానే ఉంది. మేమే ముందుగా చదవలేదు.

ప్రాసెసర్ రకం గురించి ఒక మాట. వీఎంకు ప్రాసెసర్‌ను చూపేటప్పుడు పాతకాలపు సాధారణ రకాన్ని ఎంచుకుంటే, అసలు ప్రాసెసర్‌లో ఉన్న, గుప్తీకరణను వేగంగా చేసే ఏఈఎస్ సూచనలు వీఎంకు అందవు, దాంతో ఐపీసెక్, ఓపెన్‌వీపీఎన్ వంటి వీపీఎన్‌లు నత్తనడక నడుస్తాయి. 2023 జూన్‌లో వచ్చిన ప్రాక్స్‌మాక్స్ 8 నుంచి కొత్త వీఎంలకు ఏఈఎస్ ఉన్న రకాన్నే మొదటే చూపిస్తున్నారు గాని, అంతకు ముందు కట్టిన వీఎంలు పాత రకంతోనే నడుస్తూ ఉంటాయి.

హైపర్‌వైజర్‌ను ఇతర పనులకు వాడకూడదన్న నియమాన్ని మేము అనుభవంతో నేర్చుకున్నాం. ఒక అధ్యాపకుడు ల్యాబ్ అవసరం కోసం ఆ సర్వర్ మీదే డాకర్ (ప్రోగ్రాంలను విడివిడి డబ్బాలలో నడిపే సాఫ్ట్‌వేర్) వేశారు. ఐదు నిమిషాల్లో కళాశాల మొత్తానికి ఇంటర్నెట్ ఆగిపోయింది. డాకర్ వచ్చినప్పుడు బ్రిడ్జి గుండా పోయే ప్యాకెట్లను కూడా ఐపీటేబుల్స్ (లినక్స్ సొంత వడపోత) ముందుకు తెచ్చే భాగం లోడ్ అవుతుంది, పైగా సర్వర్ గుండా మళ్లింపు కోరే వాటన్నిటినీ పారేయమనే నియమం పడుతుంది. మా వీఎంల ప్యాకెట్లు ఆ నియమానికి బలయ్యాయి. ఇందులో ఆ అధ్యాపకుడి తప్పేమీ లేదు. ఆ సర్వర్ మీద ఇక ఏదీ వేయకూడదని మేమే ఎక్కడా రాసి పెట్టలేదు.

ఇక కరెంటు సంగతి. మీ వ్యాసంలో దీని ప్రస్తావనే లేకపోవడం నాకు ఆశ్చర్యం కలిగించింది. విడిగా ఉన్న ఫైర్‌వాల్ పెట్టె కరెంటు పోయి వస్తే తనంతట తాను లేచి నిలబడుతుంది. వర్చువల్ ఫైర్‌వాల్‌ విషయంలో అది ఒక వరుస ప్రకారం జరగాలి. ముందు సర్వర్, తర్వాత దాని డిస్కు నిల్వ, తర్వాత ఫైర్‌వాల్ వీఎం, ఆ తర్వాతే మిగిలిన వీఎంలు లేవాలి. ఒక వేసవి సాయంత్రం గాలివానకు లైను పోయి, యూపీఎస్ కూడా అడుగంటింది. తెల్లవారి కరెంటు వచ్చినా కళాశాలకు నెట్ రాలేదు. వెళ్లి చూస్తే ఫైర్‌వాల్ వీఎం లేవలేదు. దాని డిస్కు ఫైలును మేము వేరే గదిలోని నిల్వ పెట్టెకు మార్చి ఉన్నాం, ఆ పెట్టె వేరే వీల్యాన్‌లో ఉంది, ఆ వీల్యాన్‌కు దారి చూపవలసింది ఫైర్‌వాలే. ఫైర్‌వాల్ లేస్తే గాని నిల్వ అందదు, నిల్వ అందితే గాని ఫైర్‌వాల్ లేవదు. విత్తు ముందా చెట్టు ముందా అన్నట్టు రెండూ ఒకదాని కోసం ఒకటి ఎదురుచూస్తూ ఉండిపోయాయి. ఆ రోజు మొదటి సెమిస్టర్ ఫీజు కట్టడానికి ఆఖరు తేదీ. ఊళ్ల నుంచి వచ్చిన తల్లిదండ్రులు మధ్యాహ్నం దాకా వరండాలో నిలబడ్డారు. ఆ తర్వాత ఫైర్‌వాల్ డిస్కును సర్వర్ సొంత డిస్కులోకి తెచ్చాం, అది బూట్ సమయంలో అన్నిటికంటే ముందు లేచేలా పెట్టాం, సర్వర్ ఇంటర్నెట్ పేర్లకు ఐపీ చిరునామాలు వెతికే పనికి (డీఎన్ఎస్) ఫైర్‌వాల్ మీదే పూర్తిగా ఆధారపడకుండా చూశాం, సర్వర్ పక్కనే ఒక మానిటర్, కీబోర్డు ఎప్పుడూ తగిలించి ఉంచాం. ఆ తర్వాత ఒక సెలవు రోజున కావాలనే మెయిన్ ఆపి, మళ్లీ వేసి, ఎవరూ చేయి పెట్టకుండా అన్నీ లేచే దాకా గడియారం పట్టుకొని చూశాం.

ఇన్ని చెప్పినా, ఈ పద్ధతి వద్దని నేను అనడం లేదు. 2022 నవంబరులో ఢిల్లీ ఎయిమ్స్ సర్వర్ల మీద దాడి జరిగి, ఓపీ రిజిస్ట్రేషన్ల నుంచి పరీక్షల నివేదికల వరకు రోజుల తరబడి చేతిరాతతో నడపవలసి వచ్చింది. నెట్‌వర్క్‌ను సరైన భాగాలుగా విడదీయకపోవడం అందుకు కారణమని కేంద్ర ప్రభుత్వం పార్లమెంటుకు ఇచ్చిన లిఖితపూర్వక సమాధానంలో తెలిపింది. 2017 మేలో ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వానాక్రై అనే మాల్‌వేర్ వచ్చినప్పుడు మన ఆంధ్రప్రదేశ్ పోలీసు శాఖ కంప్యూటర్లు కూడా దాని బారిన పడ్డాయి. అది ఒక యంత్రం నుంచి పక్క యంత్రానికి 445 పోర్టు ద్వారా పాకే రకం. కార్యాలయం, ల్యాబ్, హాస్టల్ వైఫై, సీసీ కెమెరాలు అన్నీ ఒకే తాడు మీద ఉన్న చోట అటువంటిదాన్ని ఆపేది ఏదీ ఉండదు. వాటిని నాలుగు వీల్యాన్‌లుగా విడదీసి, ఒకదాని నుంచి మరొకదానికి పోవాలంటే ఫైర్‌వాల్ అనుమతి కావాలని పెట్టడం వర్చువల్ ఫైర్‌వాల్‌తో చాలా తేలిక, ఎందుకంటే ఒక్కో భాగానికి ఒక్కో కార్డు కొనవలసిన పని లేదు, వీల్యాన్ తెలిసిన స్విచ్ ఒకటి ఉంటే చాలు. ముఖ్యంగా కెమెరాలను వేరు చేయాలి. తయారీదారు పెట్టిన పాస్‌వర్డ్ మార్చని కెమెరాలను పట్టుకొనే మిరాయ్ అనే మాల్‌వేర్ 2016లో అమెరికా, ఐరోపాలలో పెద్ద పెద్ద వెబ్‌సైట్లను గంటల తరబడి నిలిపివేసింది.

ఈ పద్ధతితో వచ్చే మరో మేలును నేను ఎంతో విలువైనదిగా భావిస్తాను. పీఎఫ్‌సెన్స్‌లో గాని, ఓపీఎన్‌సెన్స్‌లో గాని ఉన్న సెట్టింగులన్నీ ఒకే ఒక్క ఎక్స్‌ఎంఎల్ ఫైలులో ఉంటాయి. ఆ ఫైలును తీసుకొని, ఖాళీ వీఎంలో పోసి, మా బీఎస్సీ కంప్యూటర్స్ విద్యార్థులు నిజమైన ఫైర్‌వాల్‌కు ఏ మాత్రం తగలకుండా దాని నకలును విప్పి చూస్తున్నారు. నియమం మార్చి, ఏం తెగిపోయిందో చూసి, మళ్లీ సరిచేస్తున్నారు. ఆ నకలు ఇచ్చే ముందు పాస్‌వర్డ్‌లు, వీపీఎన్ తాళాలు తీసేస్తాం. నెట్‌వర్క్ భద్రతను పుస్తకంలో బొమ్మగా చూసిన పిల్లలకు, తమ కళాశాల గోడనే విప్పి కూర్చే అవకాశం లక్షల విలువ చేసే పెట్టెతో రాదు. అప్‌డేట్‌కు ముందు స్నాప్‌షాట్ (వీఎం అప్పటి స్థితికి నకలు) తీసుకొని, బెడిసికొడితే రెండు నిమిషాల్లో వెనక్కి రావడం కూడా ఇందులోనే వీలవుతుంది. కాకపోతే స్నాప్‌షాట్ అదే డిస్కులో ఉంటుంది కనుక, డిస్కు పోతే అదీ పోతుంది. ఆ ఎక్స్‌ఎంఎల్ ఫైలు నకలు ఒకటి సర్వర్ బయట ఉండి తీరాలి.

అప్‌డేట్లు ఫైర్‌వాల్‌కే కాక సర్వర్‌కు కూడా కావాలి. 2015 మేలో బయటపడిన వెనమ్ అనే లోపం క్యూఎములోని ఫ్లాపీ డ్రైవ్ భాగంలో ఉంది. ఎవరూ వాడని ఆ ఫ్లాపీ ద్వారా, వీఎంలో రూట్ అధికారం దొరికిన వారు దాన్ని దాటి సర్వర్‌లోకి రాగలిగే ప్రమాదం ఏర్పడింది. అయితే సర్వర్‌ను రీబూట్ చేస్తే కళాశాలకు పది నిమిషాలు నెట్ ఉండదు కనుక అందరూ వాయిదా వేస్తూ పోతారు. మేము ప్రతి రెండో శనివారం ఉదయం ఎనిమిది గంటలకు ఆ పని పెట్టుకొని, నోటీసు బోర్డులో ముందే రాస్తున్నాం.

చట్టపరమైన విషయం ఒకటి కూడా మీ వ్యాసంలో చేరితే బాగుండేది. సైబర్ భద్రత చూసే కేంద్ర ప్రభుత్వ సంస్థ సెర్ట్-ఇన్ 2022 ఏప్రిల్ 28న ఇచ్చిన ఆదేశాల ప్రకారం సంస్థలు తమ లాగ్‌లను 180 రోజులు భద్రపరచాలి, నిర్దేశించిన రకాల సైబర్ ఘటనలను గుర్తించిన 6 గంటల్లో తెలియజేయాలి, యంత్రాల గడియారాలను ఎన్ఐసీ (జాతీయ ఇన్ఫర్మాటిక్స్ సెంటర్) లేదా జాతీయ భౌతిక ప్రయోగశాల సమయంతో గాని, వాటికి అనుసంధానమైన సర్వర్లతో గాని సరిపోల్చుకోవాలి. వర్చువల్ ఏర్పాటులో ఇది కొంచెం ఎక్కువ శ్రద్ధ కోరుతుంది. వీఎంను కాసేపు నిలిపి మళ్లీ నడిపితే దాని గడియారం వెనకబడే అవకాశం ఉంది. సర్వర్ లాగ్ ఒక సమయం చెప్పి, ఫైర్‌వాల్ లాగ్ మరో సమయం చెబితే, ఏది ముందు జరిగిందో తేల్చడం కష్టం. మా దగ్గర రెండింటి లాగ్‌లూ మూడో యంత్రానికి చేరుతున్నాయి, మూడింటి గడియారాలూ ఒకే మూలం నుంచి సమయం తీసుకుంటున్నాయి.

అందుచేత మీ ద్వారా రెండు విన్నపాలు చేస్తున్నాను. మొదటిది, ఇటువంటి ఏర్పాట్లకు టెండరు పిలిచే విద్యాసంస్థల, ఆసుపత్రుల నిర్వాహకులకు. అప్పగింత రోజున కాంట్రాక్టరు ఫైర్‌వాల్ తెర చూపించి సంతకం అడిగితే పెట్టకండి. ఏ కార్డు ఏ బ్రిడ్జికి, ఏ బ్రిడ్జి ఏ వీఎంకు, ఏ చిరునామా ఎవరికి అన్నది చేతితో గీసినదైనా సరే ఒక్క పేజీ పటం అడగండి. మీకు కేటాయించిన పబ్లిక్ చిరునామాలన్నిటి మీదా మీ కళ్ల ముందే బయటి నుంచి పరీక్ష చేయించి, తెరిచి ఉన్న పోర్టుల జాబితాపై వారి సంతకం తీసుకోండి. మెయిన్ ఆపి వేసి చూపించమనండి. సర్వర్ రూట్ పాస్‌వర్డ్‌ను సీలు వేసిన కవరులో ప్రిన్సిపాల్ గారి బీరువాలో పెట్టించి, పాత పాస్‌వర్డ్ మార్పించండి. వీటిలో దేనికీ అదనపు ఖర్చు లేదు. ఈ షరతులు టెండరు పత్రంలోనే ఉంటే ఏ కాంట్రాక్టరూ కాదనడు.

రెండోది మీకే. మీ వ్యాసాన్ని నమ్మి ఈ వేసవి సెలవుల్లో పని మొదలుపెట్టబోయే పాఠకులు ఉన్నారు. మా జిల్లాలోనే రెండు కళాశాలల వారు ఆ పేజీ కత్తిరింపు పట్టుకొని నా దగ్గరకు వచ్చారు. వారిలో ఒకరి సర్వర్‌ను నిన్న సాయంత్రం చూశాను. ఇంటర్నెట్ బ్రిడ్జి కింద పబ్లిక్ చిరునామా ఉంది, 8006 పోర్టు బయటికి తెరిచే ఉంది. అక్కడికక్కడే తీసేశాం. ఇతరులకు కూడా ఈ సంగతి అందేలా, ఆ వ్యాసంలోని వాక్యానికి సవరణను వచ్చే వారం అదే పేజీలో ప్రచురించవలసిందిగా ప్రార్థిస్తున్నాను.

ఇట్లు,
భవదీయుడు,
ఒక డిగ్రీ కళాశాల కంప్యూటర్ విభాగపు బాధ్యుడు,
పశ్చిమ గోదావరి జిల్లా.